పేరు ఉండాల్సిన చోట పూలు

డాక్టరుకి చూపించడానికి ఎక్స్‌రే పట్టుకెళ్ళినట్టు, సరళ ఆ కాగితాన్ని ప్లాస్టిక్ కవర్లో పెట్టి తీసుకొచ్చింది. సరళ మా పిన్ని కూతురు. బాపట్లలో టీచరుగా చేసి రిటైరయింది. ఆర్నెల్ల కిందట పిన్ని పోయాక తెనాలి ఇంట్లో అటక మీది ట్రంకు పెట్టెలు దించితే, వేషాల బట్టల అడుగున పరిచిన పాత పేపర్ల మధ్య ఇది దొరికిందట. గులాబి రంగు కరపత్రం. మడతల దగ్గర చిరిగింది గానీ అక్షరాలు బాగానే ఉన్నాయి. పైన ‘పాటల కదంబం’ అని పెద్దక్షరాలు, దాని కింద ‘సమర్పణ: పరంధామయ్య’ అని మా బాబాయి పేరు. ఆట రేపల్లెలో, ఆదివారం సాయంత్రం ఆరు గంటలకి. తర్వాత నాట్యం చేసే హేమలత పేరు, మిమిక్రీ ఆయన పేరు, హాస్యం వాళ్ళిద్దరి పేర్లు. అందరి కిందా ‘రచన, వ్యాఖ్యానం’ అని నా పేరు. నా పేరు కింద, ఈ అంచు నుంచి ఆ అంచు దాకా ఒక వరస పూలు.

‘‘నాన్న పేరు మీద సభ పెడుతున్నారు అన్నయ్యా, తెనాలి వాళ్ళు. సావనీరు పుస్తకం కూడా వేస్తారంట. మొదటి వ్యాసం నువ్వే రాయాలి. నాన్నతో అన్నేళ్ళు తిరిగినవాళ్ళలో మిగిలింది నువ్వొక్కడివే,’’ అంది సరళ. తర్వాత ఆ పూల వరస మీద వేలు పెట్టి, ‘‘ఇవి చూడు, ఎంత ముచ్చటగా ఉన్నాయో. అట్ట మీద వీటినే పెద్దవి చేసి వేద్దామంటున్నాడు డిజైన్ చేసే అబ్బాయి,’’ అంది.

ఆ పూలు పెట్టింది నేనే. వాటి స్థానంలో ఒక మనిషి పేరు ఉండాలి. అది సరళకి తెలియదు. అప్పుడు తను మూడో క్లాసో నాలుగో క్లాసో. కాఫీ తాగి, వ్యాసం రాస్తానని మాట తీసుకుని వెళ్ళిపోయింది. రాయడానికి కూర్చుంటే బాబాయి గొప్పతనం నాలుగు పేజీలు సులువుగానే వచ్చింది. ఐదో పేజీ దగ్గర కలం ఆగింది. అందుకే దాన్ని పక్కన పెట్టి ముందు ఇది రాస్తున్నాను.

మా బాబాయికి పాడటం రాదు, వేషం కట్టటం రాదు, హార్మోనియం మీద ఒక్క మెట్టు కూడా తెలియదు. ఆయన పద్య నాటకాల కాంట్రాక్టరుగా మొదలుపెట్టాడు. చుండూరు నుంచి నిజాంపట్నం దాకా ఏ ఊళ్ళో ఉత్సవం జరిగినా కమిటీ వాళ్ళు ఆయన దగ్గరికి వచ్చేవాళ్ళు. నటుల్నీ, వాయిద్యాల వాళ్ళనీ, తెరల్నీ కూర్చి వ్యానెక్కించి తీసుకెళ్ళటం ఆయన పని. నాటకం ఆడుతున్నంతసేపూ ఆయన జనం వెనకాల నిలబడి స్టేజీ వైపు కాకుండా జనం కాళ్ళ వైపు చూసేవాడు. కాళ్ళు కదిలాయంటే మనిషి లేవబోతున్నాడని లెక్క. అలా కొన్నేళ్ళు చూసి ఒకరోజు మధ్యాహ్నం భోజనం దగ్గర అన్నాడు: ‘‘జనానికి కావాల్సింది ముక్కలేరా. కథ వాళ్ళ ఇళ్ళల్లో కావాల్సినంత ఉంది.’’

అలా పుట్టింది పాటల కదంబం. రెండు గంటల ఆట. భక్తి పాట, నాట్యం, ఇద్దరు తాగుబోతుల హాస్యం, జానపదం, మిమిక్రీ, ఒక ఏడుపు పాట, మళ్ళీ నాట్యం. ఏ ముక్కా ఐదు నిమిషాలు దాటకూడదు. ఏడుపు పాట అయిన వెంటనే నవ్వు పెట్టకూడదు, మధ్యలో ఒక వాయిద్యం పెట్టి జనాన్ని కళ్ళు తుడుచుకోనివ్వాలి. ముక్కకీ ముక్కకీ మధ్య నేను మైకు దగ్గర నిలబడి రెండు మాటలు చెప్పి అతకాలి. ఇలాంటి ఆటలు పై దేశాల్లో కూడా ఉండేవని, వాటిని నడిపిన వాళ్ళకి పెద్ద పేరు ఉండేదని తర్వాత లైబ్రరీలో చదివాను. బాబాయి అవేవీ చదవలేదు. తనంతట తనే కనిపెట్టాడు. ఇది సావనీరులో రాశాను, ఇక్కడా రాస్తున్నాను. అది నిజం కాబట్టి.

నా చదువు సంగతి కూడా చెప్పాలి. నేను పదో తరగతి తప్పాను. గాంధీచౌక్ వెనక సందులో ఒక ప్రెస్సులో కంపోజిటరుగా చేరాను. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా సీసపు అక్షరాలు ఏరి పేర్చటం, సాయంత్రం లైబ్రరీకి పోవటం. లైబ్రేరియన్ నన్ను చూడగానే, ‘‘ఏంటయ్యా, నిన్న తీసుకెళ్ళింది అప్పుడే అయిపోయిందా? చదివావా, తూకం వేశావా?’’ అనేవాడు. చదివాను. బీరువా తర్వాత బీరువా చదివాను. కాలేజీకి వెళ్ళినవాళ్ళు తడుముకునే మాట నా నోటి నుంచి తడుముకోకుండా వచ్చేది. బాపట్ల ఆటకి మేష్టర్లు, కాలేజీ వాళ్ళు చేతులు కట్టుకుని కూర్చునేవాళ్ళు. వాళ్ళు ఒకసారి పాటకి కాకుండా నా వ్యాఖ్యానానికి చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు నన్నెంత పాడు చేశాయో అప్పుడు తెలియలేదు.

బాబాయి ఇంట్లో రిహార్సల్ రోజు వాసనలు ఇప్పటికీ ముక్కుకి తగులుతాయి. పెట్టెలు తెరిస్తే కలరా ఉండలు, చెమట, జరీ కలిసిన వాసన. వంటింట్లోంచి మిరియాలూ శొంఠీ వేసి పిన్ని కాచే కషాయం. నా చేతుల నుంచి కిరసనాయిలు వాసన, టైపు కడిగేది దాంతోనే కాబట్టి. బాబాయి వరండాలో గడ్డం గీసుకుంటూ రిహార్సల్ వినేవాడు. ఒక చెంప నురగతోనే లోపలికి వచ్చి, ‘‘ఆ చరణం తీసెయ్యండి,’’ అని చెప్పి మళ్ళీ అద్దం దగ్గరికి పోయేవాడు. తీసెయ్యి అనే మాట ఆయనకి ఊతపదం. పిన్ని ఇత్తడి గ్లాసులో కషాయం తెచ్చి ముందు దయామణికి ఇచ్చేది. ‘‘తాగమ్మా. ఇంతమంది పొట్ట నీ గొంతులో ఉంది,’’ అనేది. ఆ ఇంట్లో ఆ సంగతి పైకి అన్నది పిన్ని ఒక్కతే.

దయామణి రేపల్లె నుంచి ప్యాసింజరు ఎక్కి వచ్చేది. లూథరన్ కుటుంబం. వాళ్ళ నాన్న రిటైరైన పంతులు. చిన్నప్పటి నుంచి చర్చి కాయిర్‌లో పాడి పాడి గొంతు సాన పట్టినట్టు ఉండేది. నాకన్నా రెండు మూడేళ్ళు పెద్ద. నేను దయక్కా అనేవాణ్ణి, తను తమ్ముడూ అనేది. బండి ఆలస్యమైతే, ‘‘ఏం చేసేది తమ్ముడూ, డ్రైవరుకి కూడా మన ఆట టైము చెప్పి ఉంచాల్సింది,’’ అని నవ్వేది.

ఆటలో ఆమె కూర్చునే చోటు పక్క తెర వెనకాల, తబలా పక్కన, ఒక చాప మీద. ముందు హేమలత తలలో మల్లెపూలతో, చేతిలో పని చెయ్యని మైకుతో ఆడుతూ పెదవులు కదిపేది. గొంతు లోపలి నుంచి వచ్చేది. ఎదురుగా కూర్చున్న వాళ్ళకి హేమలతే పాడుతున్నట్టు ఉండేది. నిజాంపట్నం ఆటకి సముద్రపు గాలికి తబలా చర్మం వదులైపోయి, తబలా ఆయన సుత్తితో కొట్టుకుంటూ ఉంటే, దయక్క తాళం లేకుండానే పాట మొత్తం లాక్కొచ్చింది. బెస్తవాళ్ళు అదే పాట మూడుసార్లు పాడించుకున్నారు. చివరికి ఒక ముసలాయన స్టేజీ ఎక్కి హేమలత మెడలో దండ వేసి, ‘‘నీ గొంతు చల్లగుండాలి తల్లీ,’’ అన్నాడు. తెర వెనక దయక్క నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. అప్పటికి నవ్వే.

నవ్వు ఆగిపోయింది రేపల్లె ఆట కుదిరాక. అక్కడ ఒక బడిలో సంగీతం టీచరు ఉద్యోగం ఖాళీ అయింది. దయక్క దరఖాస్తు పెట్టుకుంది. బడి కమిటీలో ఒక పెద్దాయన వాళ్ళ నాన్నని చర్చి మెట్ల మీద ఆపి అడిగాడట: ‘‘పంతులు గారూ, అమ్మాయి నాటకాల వాళ్ళతో ఊళ్ళు తిరుగుతుందంట గదా. అక్కడ ఏం చేస్తదండి?’’ పాడుతుందని ఈయన చెప్పాడు. ‘‘పాడేది వేరే ఆవిడంట గదండి. మావాళ్ళు నిజాంపట్నంలో చూశారు.’’ ఆ మాటకి జవాబు ఒక్కటే, అచ్చయిన కాగితం. కరపత్రంలో ‘గానం’ అని వేసి ఎదురుగా ఆమె పేరు ఉంటే చాలు.

‘‘పెద్దక్షరాలు అక్కర్లేదు తమ్ముడూ,’’ అంది దయక్క రిహార్సల్ మధ్యలో నన్ను పెరట్లోకి పిలిచి. ‘‘చదవటానికి వీలుగా ఉంటే చాలు. మా నాన్న అది జేబులో పెట్టుకుని కమిటీకి పోతాడు. నువ్వే గదా కంపోజ్ చేసేది.’’ నేను సరేనన్నాను. చాలా ధీమాగా అన్నాను.

పేర్చాను కూడా. నా పేరు కింద ఒక వరస, ‘గానం: కుమారి దయామణి’. అంతకుముందు ఏ కరపత్రంలోనూ నా పేరు కూడా లేదు. బాపట్ల చప్పట్ల తర్వాత మొదటిసారి వెయ్యమన్నాడు బాబాయి. ఇరవై నాలుగు పాయింటు అక్షరాల్లో నా పేరు నేనే పేర్చుకుని, ప్రూఫ్ తీసి, తడి ఆరకముందే ఎన్నిసార్లు చూసుకున్నానో చెప్పుకోవటానికి ఇప్పుడు సిగ్గుగా ఉంది.

బాబాయి ప్రూఫ్ చూశాడు. కళ్ళజోడు నుదుటి మీదికి తోశాడు.

‘‘తెర వెనకాల గొంతుకి పేరు పెడితే తెర ముందు బొమ్మ చచ్చిపోద్దిరా,’’ అన్నాడు.

‘‘దయక్కకి ఉద్యోగం సంగతి బాబాయ్. ఈ ఒక్క ఊరికి వేద్దాం.’’

‘‘నాకు తెలుసులే. వాళ్ళ నాన్న నాకూ చెప్పాడు.’’ కాగితం నా చేతికి తిరిగిచ్చి, ‘‘సరే. హేమలతకి నేను సర్ది చెప్పుకుంటా. కానీ స్టేజీ మీద ఆడనోళ్ళలో ఒక్కరికే కరపత్రంలో వరస. అది నా పద్ధతి. రెండు వరసలిస్తే రేపు లైట్ల వాడు అడుగుతాడు, తెర లాగేవాడు అడుగుతాడు. నీదో, ఆవిడదో. ఒకటి తీసెయ్,’’ అన్నాడు.

‘‘ఏది తియ్యమంటావు?’’

‘‘కంపోజిటరువి నువ్వు. నన్నడుగుతావేంటి?’’ అని సైకిలెక్కి వెళ్ళిపోయాడు.

ఇన్నేళ్ళుగా ఈ కథ నలుగురికి చెప్పాల్సి వచ్చినప్పుడల్లా, బాబాయి తీసేయించాడనే చెప్పాను. ఆయన మీద ఆ కోపం నిజంగానే పెంచుకున్నాను. పాడే మనిషిని దాచి ఆడే మనిషిని చూపించటం ఆయన వ్యాపారం, కాబట్టి తప్పు ఆయనదేనని నాకు నేను చెప్పుకున్నాను. కానీ ఆ మధ్యాహ్నం ప్రెస్సులో బాబాయి లేడు. నేనూ, అక్షరాలు బిగించిన ఇనప చట్రమూ ఉన్నాం. అక్క పేరే ఉంచాలని మొదట నా పేరు మీద చెయ్యి పెట్టాను. బాపట్ల మేష్టర్లు గుర్తొచ్చారు. లైబ్రేరియన్‌కి ఈ కాగితం తీసుకెళ్ళి చూపిద్దామనుకున్నది గుర్తొచ్చింది. అక్కకి ఇంత చక్కటి గొంతుంది, ఇవాళ కాకపోతే రేపు ఇంకో ఉద్యోగం వస్తుంది, పదో తరగతి తప్పినవాడికి ఇంకోటి వస్తుందా అనుకున్నాను. ఆమె పేరు తీశాను.

చట్రంలో ఒక వరస తీస్తే ఆ ఖాళీని దేనితోనైనా నింపాలి. లేకపోతే మిగతా అక్షరాలు వదులై రాలిపోతాయి. అచ్చు పడని ఖాళీ ముక్కలు ఉంటాయి, అవి పెడితే కాగితం మీద తెల్లగా ఉండిపోతుంది. నేను అవి పెట్టలేదు. పెళ్ళి శుభలేఖల అంచులకి వాడే పూల అచ్చులు ఏరి తెచ్చి పదకొండు పూలు పేర్చాను. అక్క చూస్తే తన చోటు తనకి ఉంచానని అర్థం చేసుకుంటుంది అనుకున్నాను. ఒక మనిషి పేరు పీకేసి ఆ గుంటలో పూలు పెట్టి, దాన్ని మర్యాద అనుకోవాలంటే కంపోజిటరే అయి ఉండాలి.

శనివారం కరపత్రం చేతికిస్తే దయక్క నిలబడే చదివింది. ‘‘బాబాయి ఒప్పుకోలేదక్కా,’’ అన్నాను. ‘‘అలాగా,’’ అంది. మడిచి చేతిసంచిలో పెట్టుకుంది.

ఆదివారం ఆటకి వాళ్ళ నాన్న రెండో వరసలో కూర్చున్నాడు. పక్కన ఆ కమిటీ పెద్దాయన. దయక్క ఎప్పటికన్నా బాగా పాడింది. ఆట చివర అందరి పేర్లూ మైకులో చదవటం నా పని. కాగితం చూసి చదివాను. పూల వరస దగ్గర ఆగాను. అక్కడ నా గొంతుకి చట్రం లేదు, ఏ పద్ధతీ లేదు, బాబాయి ఎక్కడో జనం వెనకాల ఉన్నాడు. ‘గానం దయామణి’ అని రెండు మాటలు అంటే అయిపోయేది. ఆ కాసేపట్లో ధైర్యం రాలేదని రాసుకోవచ్చు. కానీ నిజానికి, పేరు చెప్తే కరపత్రంలో ఎందుకు లేదని అక్క అడుగుతుందేమోనని ఊరుకున్నాను. నమస్కారం పెట్టాను. రెండో వరసలో వాళ్ళ నాన్న చప్పట్లు కొట్టకుండా చేతులు మోకాళ్ళ మీద పెట్టుకుని ఇంకా ఎదురుచూస్తున్నాడు.

లోపల దయక్క చాప చుడుతోంది. ‘‘ఇంక రాను తమ్ముడూ. పిన్నిగారికి చెప్పు, కషాయం ఇంకెవరికైనా ఇమ్మని,’’ అంది. ఉద్యోగం రాలేదు. పాడేది ఈమే అయితే పేరేదని చర్చి దగ్గర చాలాకాలం అడిగారట. తర్వాత తన సొంత తమ్ముడి ఇంట్లోనే ఉంటూ పిల్లలకి ట్యూషన్లు చెప్పుకుంది.

ఆమె వెళ్ళాక కదంబం ఇంకో ఐదారేళ్ళు నడిచింది గానీ జనం కాళ్ళు కదలటం మొదలైంది. వచ్చిన పాటగత్తెలు ఎవరూ కుదర్లేదు. తర్వాత టేపు రికార్డరు వచ్చింది. తెర వెనక మనిషే అక్కర్లేదని బాబాయి మొదట సంబరపడ్డాడు. టేపుకి కషాయం ఇయ్యక్కర్లేదని పిన్నితో హాస్యమాడాడు. రెండేళ్ళలో ప్రతి ఊళ్ళోనూ ఎవడో ఒకడు టేపు పెట్టుకుని తనే ఆడించుకోవటం మొదలుపెట్టాడు. కాంట్రాక్టరు కూడా అక్కర్లేకుండా పోయాడు. చివరి రోజుల్లో బాబాయి బడి వార్షికోత్సవాలకి కిరీటాలు, గదలు అద్దెకిచ్చేవాడు. పిల్లల ఆట చూడటానికి పోయి వెనకాల నిలబడి కాళ్ళే చూసేవాడు. ఒకసారి ఆయన్ని నేరుగా అడిగాను, ఆ రోజు నన్ను ఎందుకు ఎంచుకోమన్నావని. ‘‘నేను తీసేస్తే నువ్వు నన్ను తిట్టుకుంటా మానేసేవాడివి. నువ్వు తీస్తే నాతోనే ఉంటావు. ఉన్నావుగా,’’ అన్నాడు. ఆయన ప్రొడ్యూసరు. ఎవరిని ఎక్కడ నిలబెట్టాలో ఆయనకి తెలుసు.

ఇప్పుడు తెనాలిలో ఏ కూడలిలో చూసినా ఫ్లెక్సీలే. ఒక మనిషి పుట్టినరోజుకి నలభైమంది మొహాలు, నలభై పేర్లు, పని చేసినవాడికీ చెయ్యనివాడికీ. వాన పడితే వాటిని గేదెల కొట్టం మీద కప్పుతున్నారు. పేరు ఇంత చవకయ్యాక, ఒక్క వరస కోసం మేమంతా అప్పుడు ఏం చేశామా అనిపిస్తుంది. చవకగా ఉన్నప్పుడు ఎవరైనా ఇస్తారు.

పోయిన వారం కరపత్రం తీసుకుని రేపల్లె వెళ్ళాను. దయక్క వరండాలో చిక్కుడుకాయలు వలుస్తోంది. నన్ను చూసి కళ్ళు చిట్లించి, ‘‘తెనాలి తమ్ముడా? జుట్టు పోయింది గానీ ఆ మెడ నిక్కించే నడక పోలేదే,’’ అంది. మరదలితో టీ పెట్టించింది. మాటల్లో ఆమె మరదలే చెప్పింది, ఈవిడ చర్చిలో కూడా పాడదని, పాట వచ్చినప్పుడు అందరితో లేచి నిలబడి పెదవులు కదుపుతుందని.

కాగితం ఇచ్చాను. కళ్ళజోడు పెట్టుకుని చివరి వరస మీద వేలు ఆనించింది. ‘‘పదకొండు,’’ అంది. లెక్కపెట్టకుండానే.

‘‘అక్కా, అది తీసింది బాబాయి కాదు. నేను.’’

‘‘తెలుసు.’’

‘‘ఆయన చెప్పాడా?’’

‘‘ఎవరూ చెప్పలేదు. మీ బాబాయి తీయించి ఉంటే ఖాళీగా వదిలేసేవాడు. ఆయనకి పూలు పెట్టేంత సిగ్గు లేదు.’’ ఇంకో చిక్కుడుకాయ ఈనె తీసింది. ‘‘వచ్చి చెప్తావని ఒకట్రెండేళ్ళు చూశాను. తెనాలి నుంచి రేపల్లె ఎంత దూరం తమ్ముడూ?’’

సభ గురించి చెప్పాను. పుస్తకంలో ఆమె పేరు పెద్దక్షరాల్లో వేయిస్తానన్నాను. ఇప్పుడు కంప్యూటర్లో ఒక్క నిమిషం పని అన్నాను. ఆ చివరి మాట అనకుండా ఉండాల్సింది.

‘‘ఎవరికి చూపించుకోను? మా నాన్న పోయాడు. ఆయన్ని అడిగినోళ్ళూ పోయారు. వద్దు. నా పేరు ఎక్కడా వెయ్యొద్దు,’’ అంది. నేను లేచి చెప్పులు వేసుకుంటుంటే గిన్నె మీంచి తల ఎత్తకుండానే అంది: ‘‘ఏదన్నా చెయ్యాలని మరీ ఉంటే, నీ పేరు తీసేసుకుని చూడు. ఎట్టా ఉంటదో.’’

అందుకని ఇక్కడ నేను దయామణి అని రాసింది ఆమె అసలు పేరు కాదు. సావనీరు కోసం ముందు రాసిన నాలుగు పేజీలూ పక్కన పెట్టి ఇక్కడిదాకా రాసిందే సరళకి పంపాను. చదివి రెండు రోజులు ఫోన్ చెయ్యలేదు. తర్వాత చేసి, వేస్తానంది, అట్ట మీద పూలు వద్దని చెప్పేశానంది. కింద నా పేరు వెయ్యొద్దన్నాను.

‘‘పేరు లేకపోతే ఎవరు రాశారని అందరూ నన్నడుగుతారు అన్నయ్యా. ఏం చెప్పమంటావు?’’

ఫోను ఇంకో చెవికి మార్చుకున్నాను.

‘‘పోనీ ఆ చోట ఏదన్నా చిన్న బొమ్మ పెట్టించనా? మరీ బోసిగా ఉంటది.’’

వద్దన్నాను. ఖాళీగా వదిలెయ్యమన్నాను. సరే అని పెట్టేసింది. పుస్తకం ఎల్లుండి అచ్చుకి వెళుతుంది. చిన్న అక్షరాల్లోనైనా సరే, నా పేరు కింద ఒక మూల వేస్తే తప్పేముందని డిజైన్ అబ్బాయిని అడుగుదామని నిన్న రెండుసార్లు, ఇవాళ పొద్దున ఒకసారి ఫోను చేతిలోకి తీసుకున్నాను. ఇప్పటిదాకా చెయ్యలేదు.